“సర్, కెమెరా అక్కడుంది” అనగానే నవ్వితే ఒప్పుకున్నట్టేనా?

శ్రీవల్లి_కె:

నిన్న ఎవరో ఫార్వర్డ్ చేసిన ఒక ప్రాంక్ వీడియో చూశాక ఈ థ్రెడ్ మొదలుపెట్టాలనిపించింది.

బెంచి మీద ఒక పెద్దాయన కూర్చుని ఉంటారు. ఒక కుర్రాడొచ్చి పక్కన సంచి పెట్టి, ఫోన్లో “పెట్టేశాను, ఇంకో నిమిషంలో పేలుతుంది” అనేసి పరుగందుకుంటాడు. పెద్దాయన గబుక్కున లేవబోయి తూలి పడతారు. చెప్పు ఒకటి ఊడిపోతుంది. దాన్ని అక్కడే వదిలేసి కుంటుకుంటూ పరుగు. కుర్రాడు వెనకాలే వెళ్లి భుజం మీద చెయ్యేసి “సర్ సర్, ప్రాంక్ సర్, కెమెరా అక్కడుంది” అంటాడు. ఆయన కెమెరా వైపు చూసి నవ్వుతారు. నవ్వుతూనే కళ్లజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకోబోతారు. చెయ్యి వణికి కళ్లజోడు జారిపోతుంది. అక్కడితో కట్. కింద కామెంట్లన్నీ పగలబడి నవ్వే బొమ్మలే.

నన్ను పట్టుకుని వదలనిది ఆ నవ్వు. వీడియో తీసినవాళ్లకి అదే లైసెన్సు. “ఆయనే నవ్వాడు, మధ్యలో మీకేంటి బాధ?” అంటారు. అసలు ఆ క్షణంలో ఆయన నవ్వక ఇంకేం చేయగలరు? అది ఒప్పుకోవడం కింద లెక్కేనా? ప్రాంకులే వద్దనడం లేదు. నేనూ చూస్తాను, నవ్వుతాను. గీత ఎక్కడ గీస్తారన్నదే అడుగుతున్నాను.

గోడమీదపిల్లి:

“పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం.” ఈ సామెత ఎవరో ఒకరు అనక తప్పదు, ఆ పనేదో నేనే చేసేశా. పిల్లిని కాబట్టి ఆ హక్కు నాకుంది. ఇక కానివ్వండి.

బుల్లెట్_రాజు:

శ్రీవల్లి గారూ, మరీ సీరియస్‌గా తీసుకుంటున్నారు. ఇలాంటివాటిలో చాలావరకు స్క్రిప్టే. ఆ పెద్దాయన ఆ కుర్రాడి సొంత బాబాయే అయ్యుండొచ్చు. అయినా ఇదేమన్నా కొత్తా? టీవీ వచ్చిన కొత్తలోనే దొంగ కెమెరా ప్రోగ్రాములు వచ్చాయి. స్నేహితులు ఒకరినొకరు ఆటపట్టించుకోవడం అంతకన్నా పాతది. అప్పుడెవరూ ఎథిక్స్ అని అడగలేదు. జోకుని జోకులా తీసుకోకపోతే ఎలా బ్రో? (మీరు బ్రో కాదని తెలుసు, అలవాటు.)

పాతరేడియో:

రాజు గారు టీవీ పేరెత్తారు కాబట్టి కొంచెం పాత కథ చెప్తాను. 1947లో అలెన్ ఫంట్ అనే అమెరికన్ రేడియోలో ‘క్యాండిడ్ మైక్రోఫోన్’ మొదలుపెట్టాడు. మైకు దాచిపెట్టి మామూలు మనుషుల్ని తికమకపెట్టడం, ఆ మాటల్ని ప్రసారం చేయడం. 1948లో అది టీవీకెక్కింది, ‘క్యాండిడ్ కెమెరా’ పేరుతో దశాబ్దాలు నడిచింది. కాబట్టి కొత్తదేం కాదన్నది నిజమే.

కానీ చుట్టూ ఉన్న ఏర్పాటు వేరు. ఆ తరహా టీవీ షోలకి సంతకం తీసుకున్నాకే ప్రసారం చేసే పద్ధతి ఉంది. కేసు పడితే డబ్బు పోయేది ఛానెల్‌దే కాబట్టి ముందు భయపడేది ఛానెల్ లాయరే. ప్రసారమయ్యాక రెండు రోజులు నవ్వుకుంటారు, మర్చిపోతారు. కింద కామెంట్ల పెట్టె లేదు, పదేళ్ల తర్వాత వెతికితే దొరికే లింకూ లేదు. ఇప్పుడు దర్శకుడూ ఛానెలూ లాయరూ అన్నీ ఆ ఒక్క కుర్రాడే. “ఇది వద్దులేరా” అనేవాడే లేడు.

ఫంట్ గురించే ఇంకో ముచ్చట. 1969 ఫిబ్రవరిలో ఆయన కుటుంబంతో సహా ఎక్కిన విమానాన్ని హైజాక్ చేసి క్యూబాకి మళ్లించారు. ప్రయాణికుల్లో కొందరు ఆయన్ని గుర్తుపట్టి, ఇదంతా షూటింగే అనుకుని హాయిగా కూర్చున్నారట. కాదు మహాప్రభో, నిజం హైజాకే అని ఆయన మొత్తుకున్నా నమ్మలేదట.

గోడమీదపిల్లి:

నాన్నా పులి కథలో పులికి టికెట్ కొనిచ్చినట్టుంది.

కట్_చెప్పండి:

నేను కొన్నేళ్లు ప్రాంక్ ఛానెళ్లకి ఎడిటింగ్ చేశాను. పేర్లు అడగొద్దు. లోపల ఎలా ఉంటుందో చెప్తాను, తిట్టుకోవడం మీ ఇష్టం.

ముందు అనుకునేది థంబ్‌నెయిల్, అంటే వీడియో నొక్కకముందు కనిపించే బొమ్మ. ప్రాంక్ తర్వాత. నోరు తెరిచిన ముఖం, పక్కన ఎర్ర బాణం. ఆ ముఖం రావాలంటే ఏం చేయాలా అని అక్కడినుంచి వెనక్కి సీన్ రాసుకుంటారు. తీరా బయటికెళ్తే తెలిసేదేంటంటే, జనం మామూలుగా చాలా బోరింగ్. “పని చూసుకో బాబూ” అని పక్కకి తప్పుకుని వెళ్లిపోతారు. రోజంతా తిరిగినా వాడుకోదగ్గ ముక్క దొరకని రోజులుంటాయి. అప్పుడు మిగిలేవి రెండే దార్లు. తెలిసినవాళ్లకి ఎంతో కొంత ఇచ్చి నటింపజేయడం, లేదంటే డోసు పెంచడం. దారి అడిగి తికమకపెట్టే ప్రాంక్ పనిచేయకపోతే పర్సు కొట్టేసే ప్రాంక్, అదీ పాతబడితే కత్తి. ఎవరూ మొదటి రోజే కత్తితో బయల్దేరరు.

ఇక టేబుల్ మీద పని. భయపడ్డ ముఖం రెండు సెకన్లే దొరుకుతుంది. దాన్ని తిప్పి తిప్పి వేస్తాం, స్లో చేస్తాం, జూమ్ చేసి ఒక సౌండ్ తగిలిస్తాం. ఆ తర్వాత ఆ మనిషి నీళ్లడిగిందీ, “నాకు బీపీ ఉంది బాబూ, ఇలా చేస్తారా” అన్నదీ తీసేస్తాం. నవ్విన ముక్క ఎక్కడున్నా వెతికి తెచ్చి చివర్లో పెడతాం. శ్రీవల్లి గారు చూసిన వీడియోలో కళ్లజోడు జారడం ఉంచేశారంటే ఆ ఎడిటర్ కొత్తవాడన్నమాట.

సంతకాల సంగతి. కొందరు తీసుకుంటారు. ఎప్పుడు తీసుకుంటారన్నదే కిటుకు. మనిషికి ఊపిరి కుదుటపడకముందే, “హమ్మయ్య, నిజం కాదు” అన్న రిలీఫ్‌లో ఉన్నప్పుడే కాగితం ముందు పెడతారు. ఆ అరనిమిషంలో ఎవరైనా దేని మీదైనా సంతకం పెట్టేస్తారు. పావుగంట ఆగితే చాలామంది పెట్టరు. అందుకే ఆగరు.

ఇంకోటి. 2012లో యూట్యూబ్ ఎన్ని క్లిక్కులు పడ్డాయన్నది కాదు, ఎంతసేపు చూశారన్నది లెక్కలోకి తీసుకోవడం మొదలుపెట్టింది. చిన్న సరదా ముక్కని పది నిమిషాలు సాగదీయలేం. టెన్షన్‌ని అయితే ఎంతైనా సాగదీయొచ్చు.

బుల్లెట్_రాజు:

చూశారా, నటులే అని నేను ముందే అన్నా. నటులైతే ఎవరికీ నష్టం లేదు, కేసు క్లోజ్.

నిశాచరి:

క్లోజ్ కాదు రాజు. నటులతో తీసిన వీడియో “నిజం ప్రాంక్” అని ముద్రేసుకుని వస్తుంది. చూసే పదిహేడేళ్ల కుర్రాడికి అందులో అందరూ చివర్లో నవ్వుతూ చేతులు కలుపుతారని తెలుస్తుంది. వాడు బయటికెళ్లి నిజం మనుషుల మీద చేస్తాడు. అక్కడ స్క్రిప్టు ఉండదు. 2021 ఫిబ్రవరిలో అమెరికాలోని నాష్‌విల్‌లో ఇరవై ఏళ్ల అబ్బాయి, ఇంకొకడితో కలిసి పెద్ద పెద్ద కత్తులు పట్టుకుని పార్కింగ్‌లో ఉన్న కొందరి మీదికి వెళ్లాడు. యూట్యూబ్ కోసం దొంగతనం ప్రాంక్ అని తర్వాత పక్కనున్న స్నేహితుడు పోలీసులకి చెప్పాడు. ఎదుటివాళ్లలో ఒకతనికి అది ప్రాంక్ అని తెలియదు. తుపాకీ తీసి కాల్చాడు. అబ్బాయి అక్కడే చనిపోయాడు.

నేను చదువుతున్నది సైకాలజీ కాబట్టి ఇంకో మాట. పీటర్ మెక్‌గ్రా, కేలబ్ వారెన్ అనే ఇద్దరు 2010లో హాస్యం మీద ఒక సిద్ధాంతం ప్రచురించారు. ఏదైనా తప్పుగా, తేడాగా కనిపించాలి, అదే సమయంలో ప్రమాదం లేదనీ అనిపించాలి. రెండూ ఒకేసారి జరిగితేనే నవ్వొస్తుందని వాళ్ల వాదన. ప్రాంక్ వీడియోకి ఇది అతికినట్టు సరిపోతుంది, కానీ సగమే. “ప్రమాదం లేదు” అని చెప్పేది టైటిల్‌లో ఉన్న ప్రాంక్ అన్న మాట. ఆ టైటిల్ మనకి కనిపిస్తుంది. బెంచి మీద కూర్చున్న ఆయనకి కనిపించదు. మనం చూసేది కామెడీ. ఆయన ఉన్నది బాంబు పక్కన. ఇద్దరం చూసింది ఒకటే సంఘటన అనుకోవడం దగ్గరే తేడా కొడుతోంది.

మా రంగంలోనూ ప్రయోగాల కోసం మనుషుల్ని మభ్యపెట్టడం ఉంది. కానీ అమెరికన్ సైకలాజికల్ అసోసియేషన్ నియమావళి చూస్తే, తీవ్రమైన మానసిక బాధ కలుగుతుందనిపిస్తే ఆ పని చేయకూడదు. మభ్యపెట్టింది ఏదైనా వీలైనంత త్వరగా విడమర్చి చెప్పాలి. ఆ తర్వాత “నా వివరాలు వాడొద్దు” అనే హక్కు ఆ మనిషికి ఇవ్వాలి. ఒక పరిశోధన పత్రం కోసమే ఇంత తతంగం ఉంటే, లక్షలమంది చూసే వీడియోకి భుజం మీద చెయ్యి, ఒక “సారీ సర్” సరిపోతుందా?

వకీలు_గారు:

ఎథిక్స్ సంగతి మీరు తేల్చండి, కోర్టులేమన్నాయో నేను చెప్తాను.

2015లో లండన్‌లో ఒక ప్రాంక్ ఛానెల్ బృందం ముఖాలకి ముసుగులేసుకుని నేషనల్ పోర్ట్రెయిట్ గ్యాలరీలోకి చొరబడి, పెయింటింగ్ దొంగల్లా అరుస్తూ పరుగులు పెట్టింది. ఆ పెయింటింగులు నకిలీవి, వాళ్లే తెచ్చుకున్నవి. లోపలున్న జనానికి అది తెలియదు కదా, ప్రాణభయంతో తలుపుల వైపు తోసుకున్నారు. 2016లో బృందంలో నలుగురికి జైలు శిక్ష పడింది. వారాల్లోనే అనుకోండి, అయినా జైలు జైలే. అభియోగం దొంగతనం కాదు, జనానికి హింస జరుగుతుందన్న భయం కలిగించడం. “మా ఉద్దేశం నవ్వించడమే” అన్నది వాళ్లని కాపాడలేదు.

బార్సిలోనాలో 2017లో ఒక యూట్యూబర్ ఇల్లు లేని ఒకాయనకి బిస్కెట్లు ఇచ్చాడు. మధ్యలో క్రీమ్ తీసేసి టూత్‌పేస్ట్ పెట్టి. ఆయన తిని వాంతి చేసుకున్నారు. 2019లో కోర్టు 15 నెలల శిక్ష, 20,000 యూరోల నష్టపరిహారం విధించింది. అక్కడి పద్ధతిలో తొలి నేరానికి అంత చిన్న శిక్షయితే సాధారణంగా జైలుకి పంపరు. అసలు దెబ్బ వేరే ఉంది, ఐదేళ్లు యూట్యూబ్‌లోకి రాకూడదన్నారు. డబ్బు వచ్చే చోటునే మూసేశారన్నమాట. నా మటుకు ఇది సరైన శిక్ష.

కాలిఫోర్నియాలోని అర్వైన్‌లో 2019 అక్టోబరులో కవల సోదరులిద్దరు బ్యాంకు దొంగల వేషంలో నోట్ల సంచులతో ఉబర్ ఎక్కారు. డ్రైవర్ బండి కదపనన్నాడు. దూరంనుంచి చూసినవాళ్లు కారు ఎత్తుకుపోతున్నారనుకుని పోలీసుల్ని పిలిచారు. పోలీసులొచ్చి తుపాకీ గురిపెట్టి దించింది ఆ డ్రైవర్‌నే! ప్రాంక్‌లో ఏ పాత్రా లేని మనిషి, తుపాకీ గొట్టం ముందు చేతులెత్తి నిలబడ్డాడు. ఆ సోదరులు తర్వాత నేరం ఒప్పుకుని సమాజ సేవ శిక్షతో బయటపడ్డారు.

బుల్లెట్_రాజు:

ఇవన్నీ హద్దు దాటినవి సర్, వీటిని నేను సమర్థించను. కానీ వీటిని చూపించి అన్ని ప్రాంకుల్నీ కలిపి తిట్టడం అన్యాయం. రోడ్డు యాక్సిడెంట్లు చూపించి డ్రైవింగే తప్పంటామా?

వకీలు_గారు:

డ్రైవింగ్‌కి లైసెన్సు కావాలి బాబూ. సరే, నీ వైపునుంచి ఆలోచించాల్సిన కేసొకటి ఇస్తాను. 2023 ఏప్రిల్‌లో వర్జీనియా, డల్లెస్‌లోని ఒక మాల్‌లో ఒక యూట్యూబర్, డెలివరీ పని చేసే ఒకతని ముఖానికి దగ్గరగా ఫోన్ పెట్టి అర్థంపర్థం లేని వాక్యమొకటి మళ్లీ మళ్లీ వినిపించాడు. అంతే ప్రాంక్. కత్తుల్లేవు, ముసుగుల్లేవు. అవతలివాడు ఆపమన్నాడు, వెనక్కి జరిగాడు. ఇతను ముందుకి జరిగాడు. అవతలివాడు తుపాకీ తీసి కాల్చాడు. యూట్యూబర్ బతికాడు. జ్యూరీ కాల్చినతన్ని ప్రధాన అభియోగంనుంచి ఆత్మరక్షణ కింద విడిచిపెట్టింది.

బుల్లెట్_రాజు:

ఫోన్ చూపించినందుకు తూటానా? ఇది న్యాయమా?

నిశాచరి:

కాల్చడం సరైనదని నేననను. మొత్తం అర నిమిషంలో ముగిసిపోయిన గొడవ అది. కానీ “ఆపు” అన్న తర్వాత జరిగింది చూడు. ప్రాంక్‌లో అదొక్కటే నిజం మాట. కెమెరా వెనకున్నవాళ్లకి మాత్రం “ఆపు” అంటే వర్కవుట్ అవుతోందని అర్థం. కట్_చెప్పండి గారే చెప్పాలి.

కట్_చెప్పండి:

అవును. “ఆపు” అన్న చోట ఆపితే ఆ క్లిప్ నా దగ్గరికి వచ్చేది కాదు.

అమ్మ_డ్యూటీ:

పెద్దవాళ్ల సంగతి సరే, పిల్లల మీద చేసేవాటి గురించి ఎవరూ మాట్లాడలేదు. నాకు అన్నిటికన్నా అవే ఎక్కువ గుచ్చుకుంటాయి. అవి తీసేది పరాయివాళ్లు కాదు, అమ్మానాన్నలే.

‘డాడీఓఫైవ్’ అని అమెరికాలోని మేరీల్యాండ్‌లో ఒక కుటుంబం ఛానెల్. ఒక వీడియోలో, మాయమైపోయే సిరాని గది నేల మీద తామే ఒలకబోసి, చిన్న కొడుకుని పిలిచి నువ్వే చేశావని బూతులు తిడుతూ అరుస్తారు. ఆ పిల్లాడు నేను కాదు నేను కాదని ముఖమంతా ఎర్రబడేలా ఏడుస్తాడు. చివర్లో “ఇట్స్ ఏ ప్రాంక్”. 2017లో జనం గొడవ చేశాక ఇద్దరు పిల్లలు తండ్రి దగ్గరనుంచి కన్నతల్లి సంరక్షణకి వెళ్లారు. అదే ఏడాది తండ్రికి, సవతి తల్లికి పిల్లల్ని నిర్లక్ష్యం చేసిన కేసులో ఐదేళ్ల ప్రొబేషన్ (జైలుకి బదులు అధికారుల నిఘాలో ఉండటం) పడింది. 2019 జనవరిలో యూట్యూబ్ కూడా రూల్స్ విడమర్చింది. నిజంగా ప్రాణం మీదికొచ్చిందని ఎదుటివాళ్లు నమ్మే ప్రాంకులు, పిల్లల్ని మానసికంగా కుంగదీసే ప్రాంకులు కుదరవని.

రూల్ రాశారు, మంచిదే. కానీ నెమ్మదైన రకం ఇప్పటికీ బోలెడు. నువ్వు ఎవరికీ కనిపించడం లేదని ఇంట్లో అందరూ కలిసి నటించడం, బొమ్మ పారేశామని చెప్పడం. పిల్లాడు ఏడవడం మొదలెట్టగానే అమ్మ చెయ్యి చాచి దగ్గరికి తీసుకోవాలి కదా? ఆ చేతిలో ఫోన్ ఉంటుంది. ఆపేది కూడా ఆవిడే, తీసేది కూడా ఆవిడే. పిల్లాడు ఎవరికి చెప్పుకోవాలి?

గోడమీదపిల్లి:

ఒక్కసారి వేళాకోళం పక్కన పెడతా. మీరంతా భయపెట్టే వీడియోల గురించే మాట్లాడుతున్నారు. “మంచి” వీడియోల సంగతేంటి? 2022లో మెల్‌బోర్న్‌లో ఒక టిక్‌టాకర్ ఒంటరిగా కూర్చున్న ఒక పెద్దావిడ చేతిలో పూలగుత్తి పెట్టి, కోటు తొడుక్కునేదాకా పట్టుకోమని చెప్పి, అలాగే వదిలేసి వెళ్లిపోయాడు. కోట్లమంది చూసి కన్నీళ్లు పెట్టుకున్నారు, పాపం ఒంటరి ముసలావిడ, ఎంత సంతోషించిందో అని. తీరా విలేఖరులతో ఆవిడేమన్నారంటే, నా మానాన నేను ప్రశాంతంగా కూర్చున్నాను, నన్నో వస్తువులా వాడుకున్నారు అని. షూట్ చేస్తున్నారా అని అడిగితే కాదన్నారట. ఆ పూలు కూడా ఆవిడకి అక్కర్లేదు.

ఇందులో భయం లేదు, అవమానం లేదు, నేరం అసలే లేదు. అయినా నాకు బెంచి వీడియో, ఈ పూల వీడియో ఒకే ఫ్యాక్టరీలో తయారైనట్టు అనిపిస్తాయి.

శ్రీవల్లి_కె:

నేను అడగాలనుకుని సరిగ్గా అడగలేకపోయింది ఇదే. ఎంత భయపెట్టారన్నది రెండో ప్రశ్న. ఆ ముఖం ఎవరిది, దాన్ని ఎవరు అమ్ముకుంటున్నారు అన్నది ముందు ప్రశ్న.

మోడరేటర్:

చిన్న మనవి. పైన ఇద్దరు సభ్యులు పెట్టిన వీడియో లింకులు తీసేశాను. “ఎంత ఘోరమో చూడండి” అని లింకిస్తే అందరం వెళ్లి చూస్తాం, వ్యూస్ పెరుగుతాయి, వాడు ఇంకోటి తీస్తాడు. వీడియోని మాటల్లో చెప్పండి, సరిపోతుంది.

ఆకుపచ్చ_గొడుగు:

చదువుతూ ఊరుకుందామనుకున్నాను, కానీ శ్రీవల్లి గారి మొదటి ప్రశ్నకి జవాబు నా దగ్గర ఉంది. అలాంటి వీడియోలో నేనున్నాను. ఏ ఛానెలో చెప్పను.

ఒకడు పరుగెత్తుకొచ్చి నా హ్యాండ్‌బ్యాగ్ మీద పడ్డాడు. నేను అరిచాను, ఏడ్చాను, బ్యాగ్ వదల్లేదు. తర్వాత యథావిధిగా కెమెరా చూపించారు. నేను నవ్వాను. ఎందుకు నవ్వానో చెప్తాను. చుట్టూ జనం పోగయ్యారు, వాళ్లంతా అప్పటికే నవ్వుతున్నారు. కెమెరా ఇంకా తిరుగుతూనే ఉంది. కోప్పడితే ఆ కోపం కూడా వీడియోలోకి వెళ్తుంది, టైటిల్ మారుతుంది, “ఆంటీకి కోపమొచ్చింది” అని. నవ్వితే త్వరగా వదిలేస్తారు. అక్కడినుంచి బయటపడటానికి ఉన్న ఒకే ఒక్క తలుపు ఆ నవ్వు. వాళ్లకీ ఆ సంగతి తెలుసు.

నిజం చెప్పాలంటే ఆ ప్రాంక్ నన్ను పెద్దగా బాధపెట్టలేదు. గుండెదడ కాసేపటికి తగ్గింది. తర్వాత వచ్చిందే నరకం. ఆఫీసులో లిఫ్టు ఎక్కితే “మేడమ్, బ్యాగ్ జాగ్రత్త” అనేవారు. ఏడుస్తున్న నా ముఖాన్ని కత్తిరించి స్టిక్కర్ చేశారు. అది మా బంధువుల గ్రూపులోనే తిరిగింది. ఎవరు పెట్టారో వాళ్లకి అందులో ఉన్నది నేనని కూడా తెలియదు, చూసుకోలేదు. కామెంట్లలో నా ఒళ్లు, నా గొంతు, నా చీర, అన్నిటి మీదా తీర్పులే. నేను సంతకం పెట్టలేదు. పెట్టినా, ఇదంతా జరుగుతుందని ఆ కాగితం మీద రాసి ఉండదు కదా.

అమ్మ_డ్యూటీ:

అక్కా, చదువుతుంటే ఒళ్లు మండింది. మీరు రాసినందుకు థాంక్స్.

బుల్లెట్_రాజు:

మేడమ్, సారీ. అయినా నా మాట మీద ఒక పక్క నిలబడతాను, కోప్పడకండి. మంచి ప్రాంకులు ఉన్నాయి. కెనడావాళ్ల ‘జస్ట్ ఫర్ లాఫ్స్ గ్యాగ్స్’ 2000 నుంచి వస్తోంది, మాటల్లేని షో, ఏ భాషవాళ్లయినా చూస్తారు. అందులో పిచ్చోడయ్యేది ఎక్కువగా వేషం వేసుకున్న నటుడే, దారినపోయేవాళ్లు వాడికి సాయం చేయబోయి తికమకపడతారు. చూస్తుంటే జనం ఎంత మంచివాళ్లో అనిపిస్తుంది. వెర్రివాడు ఎవరన్నదే తేడా అని నా పాయింట్. ప్రాంక్ చేసేవాడే వెర్రివాడైతే ఓకే, చేయించుకున్నవాడు వెర్రివాడైతే కాదు.

పాతరేడియో:

ఒప్పుకుంటాను, ఆ షో నాకూ ఇష్టం. కానీ ఈ కొలత ఒక్కటే సరిపోదు రాజు గారూ. రేడియోవాణ్ణి కాబట్టి నాకు మర్చిపోలేని కేసొకటుంది. 2012 డిసెంబరులో ఆస్ట్రేలియాకి చెందిన ఒక రేడియో స్టేషన్‌వాళ్లు బ్రిటన్ రాణి గొంతు అనుకరిస్తూ లండన్‌లోని ఒక ఆసుపత్రికి ఫోన్ చేశారు. యువరాజు భార్య అక్కడ చికిత్సలో ఉంది. ఆ అనుకరణ ఎంత దరిద్రంగా ఉందంటే, అవతలివాళ్లు వెంటనే ఫోన్ పెట్టేస్తారనే వాళ్లూ అనుకున్నారు. మీ లెక్కలో వెర్రివాళ్లు వాళ్లే. కానీ ఫోనెత్తిన నర్సు నమ్మి వార్డుకి కలిపింది. ప్రపంచమంతా నవ్వింది. కొద్దిరోజులకే ఆమె ప్రాణం తీసుకుంది. ఒక మనిషి అలా ఎందుకు చేస్తుందో బయటివాళ్లం తేల్చలేం, నేను తేల్చను. కానీ ఆ కాల్ రికార్డు చేసి, అవతలివాళ్ల అనుమతి లేకుండానే ప్రసారం చేశారు. ఆ స్టేషన్ చట్టాన్ని మీరిందని అక్కడి ప్రసార నియంత్రణ సంస్థ చెప్పింది. అలా చెప్పే అధికారం ఆ సంస్థకి ఉందని 2015లో ఆస్ట్రేలియా హైకోర్టు తేల్చింది.

చూడండి, తప్పు పట్టింది ఫోన్ చేసి ఆటపట్టించినందుకు కాదు. అడగకుండా గాలిలోకి వదిలినందుకు.

శ్రీవల్లి_కె:

అయితే అడగడం ఎప్పుడు? అక్కడికక్కడే, చెయ్యి వణుకుతుండగా అడిగితే అడిగినట్టు కాదని కట్_చెప్పండి గారి మాటల్లోనే తేలింది. నా ఉద్దేశంలో, ఎడిట్ చేసిన వీడియోని మర్నాడు ఆ మనిషికి పంపి, చూసి సరే అన్నాకే పెట్టాలి. జవాబు రాకపోతే పెట్టకూడదు. జవాబు లేకపోవడం ఒప్పుకోలు కాదు.

కట్_చెప్పండి:

మాట బాగుంది కానీ ఛానెల్ నడవదు మేడమ్. వారానికి రెండు వీడియోలు పెట్టేవాడు మర్నాటిదాకా ఆగి, సగం క్లిప్పులు పోగొట్టుకుని, మిగిలినవాటితో ఏం చేస్తాడు?

ఆకుపచ్చ_గొడుగు:

నడవకపోతే నడవదండి.

కట్_చెప్పండి:

...సరే. ఇంకొకటి చెప్పాలి కాబట్టి చెప్తున్నా. నేను పనిచేసినవాళ్లలో ఒకతను అలాగే చేసేవాడు. నంబరు తీసుకుని, కట్ రెడీ అయ్యాక పంపేవాడు. కొందరు వద్దనేవారు, నేను రాత్రంతా కూర్చున్న ఎడిట్ చెత్తబుట్టలోకి పోయేది, అతన్ని తిట్టుకునేవాణ్ణి. అతని వీడియోల్లో నవ్వు మాత్రం నేను వెతికి అతికించాల్సొచ్చేది కాదు. ఛానెల్ పెద్దగా పెరగలేదు. మానేసి పెళ్లి వీడియోలు తీసుకుంటున్నాడిప్పుడు.

నిశాచరి:

మనం మాట్లాడుకుంటున్నది కెమెరా ముందు జరిగేవాటి గురించి. ఇప్పుడు కెమెరా కూడా అక్కర్లేదు. 2025లో ఒక ట్రెండ్ నడిచింది. మీ ఇంట్లోకి ఎవడో ముక్కూమొహం తెలియని మనిషి చొరబడి సోఫాలో కూర్చున్నట్టు ఏఐతో ఫొటో తయారుచేసి అమ్మకో నాన్నకో పంపడం. వాళ్లు హడలిపోయి పోలీసులకి ఫోన్ చేస్తే ఆ స్క్రీన్‌షాట్లు పోస్టు చేయడం. నిజంగానే పోలీసులు పరుగెత్తారు, ఇలా చేయొద్దని కొన్నిచోట్ల హెచ్చరించారు కూడా. ఇందులో వాడుకున్నది ఇల్లు లేనివాళ్ల రూపాన్ని. మనిషే లేడు, కానీ అతన్ని చూస్తే భయపడాలని మాత్రం నేర్పేశారు.

వకీలు_గారు:

దాన్ని కోర్టు ఎలా చూస్తుందో నాకూ కుతూహలంగానే ఉంది. అబద్ధపు ఎమర్జెన్సీ ఫోన్‌కి దాదాపు ప్రతి దేశంలోనూ శిక్ష ఉంది. ఇక్కడ ఫోన్ చేసిన తల్లి మాత్రం నిజమే అనుకుని చేసింది.

కొత్తసభ్యుడు_42:

నమస్కారం అందరికీ. థ్రెడ్ మొత్తం చదివాను. మా తమ్ముడు కాలేజీలో చదువుతున్నాడు, వాడి మీద చేసిన ఒక ప్రాంక్ వీడియో తిరుగుతోంది. తీసేయమని ఆ ఛానెల్‌వాళ్లకి మెసేజ్ పెడితే “లైట్ తీస్కో బ్రో” అన్నారు. ఏదైనా దారి ఉందా?

ఆకుపచ్చ_గొడుగు:

ఉందండి, నేను చేసిందే చెప్తాను. యూట్యూబ్‌లో అయితే మామూలు రిపోర్ట్ బటన్ కాకుండా ప్రైవసీ ఫిర్యాదు ఫారం వేరే ఉంటుంది. మీరు కాదు, మీ తమ్ముడే పెట్టాలి. వీడియోలో ఉన్న మనిషే ఫిర్యాదు చేయాలన్నది వాళ్ల రూల్. చిన్నపిల్లలైతే, సొంతంగా చేసుకోలేని పరిస్థితిలో ఉన్నవాళ్లయితే తప్ప. ముఖం గానీ గొంతు గానీ పేరు గానీ చూసి ఆ మనిషిని గుర్తుపట్టేలా ఉండాలి. సరిగ్గా ఏ నిమిషం ఏ సెకనులో కనిపిస్తున్నాడో రాయాలి. ఫిర్యాదు నిలబడేలా ఉందనుకుంటే పెట్టినవాడికి 48 గంటలు టైమిస్తారు, తీసేయడానికో ముఖం మసక చేయడానికో. చేయకపోతే వాళ్లే పరిశీలించి నిర్ణయిస్తారు. నాది అలాగే పోయింది.

కట్_చెప్పండి:

ఫారం పెట్టేముందు వీడియో లింకు, తేదీ, కామెంట్ల స్క్రీన్‌షాట్లు తీసి దాచుకోండి. తీసేశాక సాక్ష్యం ఉండదు. వాడు ముఖం మసక చేసి వదిలేస్తే గొంతు సంగతి కూడా రాయండి, చాలామంది దాన్ని ముట్టుకోరు. వేరే ఛానెళ్లలో కాపీలుంటే ఒక్కోదానికి వేరువేరుగా పెట్టాలి.

కొత్తసభ్యుడు_42:

కాపీలు ఉన్నాయండి, చాలానే. కూర్చుని లిస్టు రాస్తున్నాం. వాడి గొంతు ఎక్కడెక్కడ వినిపిస్తోందో కూడా రాయమన్నాను.